చీకట్లో నవ్వేవాళ్ళు

మంగళవారం రికార్డింగుకి ముందు నికనోర్ పై అంతస్తు నుంచి దిగివచ్చి, కుర్చీలో కూర్చోకుండా నిలబడే ఉన్నాడు. అంత లావు మనిషి ఊరికే నిలబడడు. చెప్పలేని మాటేదో మోసుకొచ్చాడని ఎలిదాకి అర్థమైంది. ఆమె ఫ్లాస్కులోంచి వేడినీళ్ళు కప్పులోకి వంచుకుని, చెంచాడు తేనె కలిపి, కాసేపు గొంతులో నిలిపి మింగింది. నవ్వబోయే ముందు రోజూ గొంతుకి ఆమె చేసే సేవ అది.

కెమెరాల వెనక నల్లతెర పక్కన, కేబుళ్ళు చుట్టలుగా పడి ఉండే మూలలో వాళ్ళ కుర్చీలుంటాయి. తలల మీద ఒక మైకు వేలాడుతుంటుంది. ఎదుటి మెట్లబెంచీల మీద కూర్చునే జనానికి వీళ్ళు కనపడరు, వినపడతారు. జనం తీరే వేరు. జోకు ఎంత బాగున్నా పక్కవాడు నవ్వాడో లేదో చూసుకుని గాని నోరు తెరవరు. ఆ పక్కవాడు వీళ్ళే. డబ్బు తీసుకుని నవ్వడం, బ్యూనస్ ఎయిర్స్ టెలివిజన్‌లో ఎన్నాళ్ళుగానో ఉన్న కూలి ఇది. నికనోర్‌ది పీపాలో రాళ్ళు దొర్లించినట్టుండే నవ్వు. రోచా అక్కచెల్లెళ్ళవి కీచు నవ్వులు. ఎలిదాది మాత్రం మొదలుపెట్టే నవ్వు. ముందు ఒక చిన్న ఎక్కిలి, తర్వాత ఆపుకోలేనట్టు ఒక మెట్టు, ఆపైన ఇంకో మెట్టు. ఆ ఎక్కిలి వినపడగానే బెంచీల మీద ఎవరో ఒకరు పళ్ళు బయటపెడతారు. ఇక మిగతాది దానంతటదే సాగిపోతుంది.

"ఏంట్రా లావోడా, కక్కు" అంది ఎలిదా.

"గురువారం ఎవరొస్తున్నారో తెలుసా? హెనారో పిన్యెల్లి."

"దోన్ హెనారోనా! బతికే ఉన్నాడా?"

"బతికున్నాడు కాబట్టే పిలిచారు."

"ఈ గాస్పర్‌ని నమ్మలేం. చచ్చినవాళ్ళని కూడా పిలిచి తిట్టగలడు" అంది ఎలిదా. ప్రోగ్రామ్ నడిపేది గాస్పరే. ఆమె ముఖం విప్పారింది. డబ్బు తీసుకుని ఆమె మొట్టమొదట నవ్విన నవ్వు పిన్యెల్లి జోకుకే. అప్పట్లో శనివారం సాయంత్రం ఆయన తెరమీదికి వచ్చాడంటే వీధుల్లో బస్సులు ఖాళీగా తిరిగేవి. "ఆయనకైతే తేనె కూడా అక్కర్లేదు నాకు. ఏ జోకులు చెప్తాడట?"

"పాతవే." నికనోర్ గెడ్డం గోక్కున్నాడు. "విను. ముసలాయన జోకు చెప్పినప్పుడు మనం నవ్వకూడదు. ఎవ్వరూ. ఊపిరి చప్పుడు కూడా వినపడకూడదు. అప్పుడు గాస్పర్ కెమెరా వైపు తిరిగి మొహం ఒకలా పెడతాడు. నేను చెయ్యెత్తుతాను. అప్పుడు అందరం ఒక్కసారిగా. మొదలుపెట్టేది నువ్వే."

రోచా పెద్దావిడ అల్లిక సూదులు ఆపింది. ఎలిదా కప్పు కింద పెట్టింది.

"ఆయన చెప్పింది నిజంగా బాగుంటే?"

"బాగుంటే అసలే నవ్వకూడదు."

ఆ ప్రోగ్రామ్ పేరు 'దుప్పటి తీసేయ్'. అర్ధరాత్రి ప్రసారమవుతుంది గాని, సాయంత్రమే తీసేస్తారు. గాస్పర్ స్నానం గౌను తొడుక్కుని, బొచ్చు చెప్పులేసుకుని వస్తాడు. వచ్చినవాళ్ళని బంగారు రంగేసిన కమోడ్ మీద కూర్చోబెడతాడు. సెనేటర్లు, ఫుట్‌బాల్ క్లబ్బు పెద్దలు, ఒక బిషప్పు మేనల్లుడు, అందరూ దానిమీద కూర్చుని తిట్లు తిని, ఇకిలిస్తూ వెళ్ళినవాళ్ళే. కూర్చోకపోతే హాస్యం తెలియని మనిషనుకుంటారని వాళ్ళ భయం. వాళ్ళ మీద నవ్వడానికి ఎలిదా ఏనాడూ వెనకాడలేదు. సెనేటర్ల మీద నవ్విన రోజుల్లో ఆమెకి అన్నం కూడా బాగా సహించేది.

ఆ సాయంత్రం ఆమె ఎక్కిలి రెండుసార్లు ఆలస్యంగా పడింది. నికనోర్ చీకట్లోనే ఆమె మోకాలి మీద తట్టాడు.

*

బుధవారం ఆమె పెందరాళే స్టూడియోకి వచ్చేసింది. ఇంట్లో కాలు నిలవలేదు. కడిగిన గ్లాసులే మళ్ళీ కడుగుతుంటే మొగుడు తూలియో రేడియో గొంతు తగ్గించి, "వాటి ప్రాణం తియ్యకే" అన్నాడు. దాంతో కోటు తొడుక్కుని బయల్దేరింది. అక్కడ జూలై అంటే నడి చలికాలం, పైన సన్నటి తుంపర. రావాల్సిన బస్సు వచ్చినా ఎక్కకుండా రెండు స్టాపులు నడిచి, తర్వాతదాన్లో ఎక్కింది.

క్యాంటీన్‌లో గోడవైపు బల్ల దగ్గర ఒక పెద్దమనిషి కాఫీ ముందు పెట్టుకుని పెదవులు కదుపుతున్నాడు. జుట్టుకి నల్లరంగు, మెడకి సిల్కు రుమాలు, కుర్చీకి ఆనించిన చేతికర్ర. ఎలిదా పక్కనుంచి పోతూ దగ్గింది. అంతే.

"ఎక్కిళ్ళ పిల్లా!" అన్నాడాయన తల తిప్పకుండానే. "నువ్వేనా?"

"దగ్గునే గుర్తుపట్టారా దోన్ హెనారో!"

"నీ మొహం నేనెప్పుడు చూశాను గనక? నాకు తెలిసింది నీ గొంతే. కూర్చో, కూర్చో. అయ్యో, నువ్వూ ముసలిదానివైపోయావే."

"మీరు మాత్రం కుర్రాడిలానే ఉన్నారు, రంగు వెలిసేదాకా."

ఆయన పకపకా నవ్వాడు. రేపు రావాల్సిన మనిషి ఈ రోజే ఎందుకొచ్చాడంటే, తెర దగ్గర్నుంచి కుర్చీదాకా ఎంత దూరమో చూసుకుందామని వచ్చాడట. తుంటి ఎముక సహకరించడం లేదు. కర్ర లేకుండా నడవాలని ఉంది. "కుర్చీ ఏమిటో చూశాను. ఫర్వాలేదులే. నా వయసులో రోజులో సగం దానిమీదే గడుస్తుంది." తర్వాత గొంతు తగ్గించాడు. "ఇది విను. రేపు దీంతోనే మొదలెడదామని. మా ఆవిడ అర్ధరాత్రి నన్ను ఇంట్లోంచి గెంటేసింది. వీధిలో నిలబడి ఏడుస్తున్నాను. గస్తీ పోలీసు వచ్చాడు. 'ఎవరిల్లయ్యా అది?' 'నాదే సార్.' 'మరి తలుపు కొట్టి గట్టిగా అడగొచ్చుగా?' 'భయం సార్, మీరు కాస్త తోడొస్తారా?' పోలీసు టోపీ తీసి చంకలో పెట్టుకున్నాడు. 'బాబూ, నేను రాత్రిళ్ళు గస్తీ ఎందుకు తిరుగుతున్నాననుకున్నావ్?'"

జోకు పాతదే. కాని పోలీసు టోపీ తీసేటప్పుడు ఆయన చేతులు అంత నెమ్మదిగా, అంత దిగులుగా కదిలాయి. అక్కడ లేని టోపీ ఎలిదాకి కనపడింది. ఆమె నోరు తెరిచింది. ఎక్కిలి రాలేదు.

ఆయన ఆమె మొహంలోకి చూస్తున్నాడు. "బాగాలేదా?"

"బాగుంది. చాలా బాగుంది." ఆమె బల్లమీది పంచదార పొట్లాన్ని మడతపెట్టింది, విప్పింది. "దోన్ హెనారో, రేపు రాకండి. జ్వరమని కబురు పెట్టండి. వీళ్ళు మంచివాళ్ళు కారు. మీ కాలంలాంటి ప్రోగ్రామ్ కాదిది."

ఆయన మొహంలో వెలుగు కాస్త కాస్తగా తగ్గింది. సిల్కు రుమాలు సరిచేసుకున్నాడు.

"నా పని అయిపోయిందంటావు."

"అయ్యో, అది కాదు..."

"మా అమ్మాయీ అదే అంది. పెన్షను తీసుకుంటూ ఇంట్లో పడుండమంది. నువ్వు కూడానా? నీకంటే బాగా తెలిసినవాళ్ళు ఎవరున్నారు నాకు?" కర్ర అందుకుని లేచాడు. రెండడుగులు వేసి ఆగాడు. "రేపు మొదలుపెట్టేది నువ్వేగా?"

"నేనే."

"అది చాలు. ఇక నాకు భయం లేదు."

ఆయన కాఫీ సగం అలాగే ఉంది. ఎలిదా ఆ కప్పు తీసి లోపల ఇచ్చి, చేతులు తుడుచుకుని తిన్నగా పై అంతస్తుకి వెళ్ళింది. నిర్మాతల గదిలో వనీనా చెవికి ఫోను, రెండో చేతిలో మాటే అనే ఆకుటీ గిన్నె పట్టుకుని ఉంది. ముప్ఫై నిండని పిల్ల, కళ్ళకింద నల్లటి చారలు. ఫోను పెట్టేసి, మాటే గిన్నెలో నీళ్ళు పోసి ఎలిదా వైపు జరిపింది.

"చెప్పండి దోన్యా ఎలిదా."

ఎలిదా చెప్పింది. నిలబడే చెప్పింది. వనీనా చివరిదాకా అడ్డు రాకుండా వింది.

"మొన్న ఆ మంత్రిని ఏడిపించినప్పుడు మీరు నవ్వారు కదా?"

"మంత్రి వేరు."

"ఎందుకు వేరు? ఇక్కడికి వచ్చిన ప్రతివాడూ దెబ్బలు తినే వెళ్తాడు. ప్రోగ్రామే అది. ముసలివాడని ఈయనొక్కణ్ణీ వదిలేస్తే, అది కదా ఆయన్ని అవమానించడం? పాపం, ఏమనకండి, పెద్దాయన అని జాలిపడితే మీకు బాగుంటుందా?"

"మంత్రికి ఎదురు తిట్టే నోరుంది. మీరు ఈయన నోరు కాదు, కాళ్ళకింద నేల లాగేస్తున్నారు" అనాలని ఎలిదాకి మెట్లు దిగేటప్పుడు తోచింది. వెనక్కి వెళ్ళబోయి ఆగిపోయింది. ఎందుకంటే వనీనా చివర్న ఇంకో మాట అంది, కోపంగా కాదు, అలసటగా. "పైవాళ్ళకి మీరెవరూ అక్కర్లేదు, తెలుసా? కంప్యూటర్లో నవ్వులున్నాయి. మీ నవ్వు కూడా ఉంది అందులో. మనుషులే కావాలని పోట్లాడుతున్నది నేను."

ఆ రాత్రి తూలియో సూపు జుర్రుకుంటూ, "ఏమైందే నీకు? ఊరందరికీ నవ్వు పంచుతావు, ఇంట్లో ఒక్కటి రాలదు" అన్నాడు.

"ఇంట్లో జీతం ఇవ్వరుగా" అంది. అలవాటుగా వచ్చిన మాట. ఆయన నవ్వాడు. ఆమె పక్కమీద ఇటు తిరిగి అటు తిరిగి, మంచినీళ్ళకి లేచి, దుప్పటి మార్చి, చివరికి కుర్చీలో కూర్చుని తెల్లవార్చింది.

*

గురువారం దోన్ హెనారో కర్ర లేకుండానే నడిచాడు. ఎలిదా మూలలోంచి ఆ నడకని చూస్తూ తన తుంటి మీద చెయ్యి వేసుకుంది. బెంచీల మీద పెద్దవాళ్ళు చప్పట్లు కొట్టారు, కుర్రవాళ్ళు ఆయనెవరని పక్కవాళ్ళని అడిగారు. ఆయన కమోడ్ చుట్టూ ఒకసారి తిరిగి, జేబురుమాలుతో తుడిచి, రాజులా కూర్చున్నాడు. అక్కడ ఒక నవ్వు పడాలి. నికనోర్ పిడికిలి మోకాలి మీద బిగుసుకుని ఉంది, నవ్వొద్దన్న గుర్తుగా. నవ్వు పడలేదు.

ఆయన పోలీసు జోకు మొదలుపెట్టాడు. చేతులు నిన్నటికంటే బాగా కదిలాయి. టోపీ తీశాడు. చంకలో పెట్టాడు. "...గస్తీ ఎందుకు తిరుగుతున్నాననుకున్నావ్?"

ఏమీ లేదు. బెంచీల మీద జనం ఒకళ్ళ మొహాలు ఒకళ్ళు చూసుకున్నారు. ఎవరో ముక్కు చీదారు. గాస్పర్ మెల్లగా కెమెరా వైపు తిరిగి, చేతి గడియారం చూసుకుని, దాన్ని చెవి దగ్గర పెట్టుకుని విన్నాడు.

నికనోర్ చెయ్యి పైకి లేచింది. ఎలిదా నవ్వింది.

ఎక్కిలి, ఒక మెట్టు, ఇంకో మెట్టు. ఎన్నో ఏళ్ళుగా సాగుతున్న పని. గొంతు తనంతట తాను చేసేసింది. రోచా అక్కచెల్లెళ్ళు అందుకున్నారు, పీపాలో రాళ్ళు దొర్లాయి, బెంచీలు ఘొల్లుమన్నాయి. దోన్ హెనారో చిరునవ్వు చెదరలేదు. తల మాత్రం ఎక్కిలి వచ్చిన వైపు తిరిగింది. లైట్ల వెలుగులో ఆయనకి ఈ మూల కనపడదు. అయినా ఎలిదా కుర్చీలో వెనక్కి జరిగింది.

రెండో జోకు మొదలుపెట్టి మధ్యలో ఆగాడు. మళ్ళీ మొదలుపెట్టాడు. మరిచిపోయాడు. పెదవులు కదిలాయి, మాట రాలేదు.

"గురువుగారూ, నీళ్ళు కావాలా? సెలైన్ ఎక్కించమంటారా?" అన్నాడు గాస్పర్.

చెయ్యి లేచింది. ఎలిదా నవ్వింది. ఈసారి ఆమె కళ్ళు మూసుకుని నవ్వింది.

కళ్ళు తెరిచేసరికి దోన్ హెనారో నుదుటికి చెయ్యి అడ్డం పెట్టుకుని, లైట్ల అవతలికి, చీకట్లోకి చూస్తున్నాడు.

"ఎక్కిళ్ళ పిల్లా" అన్నాడు, ఎవరో పొరుగావిడని గోడమీంచి పలకరిస్తున్నట్టు. "ఎంతిస్తున్నారే నీకు? మా రోజుల్లో నవ్వినందుకు ఇచ్చేవాళ్ళు. ఇప్పుడు నోరు మూసుకున్నందుకు కూడా ఇస్తున్నారా?" ఒక్క క్షణం ఆగాడు. "అయితే నిన్ను సెనేటర్ని చేశారన్నమాట!"

బెంచీల మీద ఎవరో ఒక మగమనిషి భళ్ళున నవ్వేశాడు. ఎవరూ చెయ్యెత్తలేదు. అతని వెనక వరస నవ్వింది, ఆ వెనక వరస నవ్వింది.

గాస్పర్ నవ్వుతూనే అడ్డుపడ్డాడు. "గురువుగారూ, ఇక్కడ డబ్బులిచ్చి నవ్వించుకునేవాళ్ళం ఎవరూ లేం."

"లేరా? మరి ఆ చీకట్లో లావాటాయన మాటిమాటికీ చెయ్యెత్తుతున్నాడేం? బాత్రూమ్‌కి పోవాలనా?" ఆయన కూర్చున్నచోట సర్దుకుని కూర్చున్నాడు. "కాస్త ఓపికపట్టమనండి. నేనింకా లేవలేదు."

అంతే, స్టూడియో కట్టు తెగింది. కెమెరా పట్టుకున్నవాడి భుజాలు ఊగి బొమ్మ ఊగింది. నికనోర్ ఎత్తిన చేతిని దించడం మరిచిపోయి, ఆ చేతినే చూసుకుని, పొట్ట పట్టుకున్నాడు. గాస్పర్ నేలమీద కూలబడి గౌనుతో కళ్ళు తుడుచుకున్నాడు. ఎలిదా కూడా నవ్వింది. ఆమె నిజంగా నవ్వితే చప్పుడుండదు. భుజాలు అదురుతాయి, కళ్ళవెంట నీళ్ళు కారతాయి, గొంతులోంచి గాలి కూడా రాదు. మైకుకి ఎందుకూ పనికిరాని నవ్వు. రోచా చిన్నావిడ భయపడి ఆమె వీపు రుద్దింది.

శుక్రవారం పొద్దున్నే రొట్టెల కొట్లో, బస్సులో, అందరి నోటా సెనేటర్ జోకే. సాయంత్రానికల్లా పై అంతస్తు నుంచి కబురు. దోన్ హెనారో ఇక రోజూ వస్తాడు. కమోడ్ మీద కాదు, గాస్పర్ పక్కన సోఫాలో. మెట్లమీద ఎదురుపడ్డప్పుడు ఆయన ఎలిదా గెడ్డం పట్టుకుని ఊపాడు. "ఏడుపు మొహం పెట్టకే. చెప్పిన పని చేశావు. మనమంతా కూలివాళ్ళమే." ఆ మాటతో ఎలిదా గుండెలమీంచి బండరాయి దిగినట్టయింది. ఆ రాత్రి నిద్రపట్టింది. తూలియో గురకకి కూడా మెలకువ రాలేదు.

*

మళ్ళీ మంగళవారం నడవాలో ఒక అమ్మాయి గోడకేసి మాట్లాడుతూ పచార్లు చేస్తోంది. పొట్టిగా, రెండు జడలు, కాళ్ళకి బరువైన బూట్లు. ఎలిదాని చూసి ఆగింది.

"అమ్మా, ఇక్కడ బాత్రూమ్ ఎక్కడ? ఆ బంగారంది కాకుండా."

ఎలిదా దారి చూపించి, బయట నిలబడి ఆమె సంచీ పట్టుకుంది. పేరు అబ్రిల్ కిస్పె. ఉత్తరాన, దేశం సరిహద్దు కొండల్లో ఉన్న హుహుయ్ నుంచి బస్సులో వచ్చిందట, రాత్రంతా, పగలంతా. అక్కడ పెళ్ళిళ్ళలో, సంతల్లో జోకులు చెప్తుంటుంది. టీవీలో ఇదే మొదటిసారి. అమ్మావాళ్ళు ఊళ్ళో పెద్ద టీవీ ఉన్న ఇంట్లో అందర్నీ పోగుచేస్తున్నారు. "వాంతి వచ్చేలా ఉంది. మీకెప్పుడైనా అలా ఉంటుందా?"

"రోజూ" అంది ఎలిదా. "వేడినీళ్ళలో తేనె వేసుకుని తాగు." ఫ్లాస్కు మూతలో పోసి ఇచ్చింది.

ఆమె తమ మూలకి వెళ్ళేసరికి అక్కడ మంచి వాసన. దోన్ హెనారో కొత్త కోటులో నిలబడి, వేడి వేడి మెదియాలూనాల పళ్ళెం అందరికీ అందిస్తున్నాడు. రొట్టెల మీద పాకం మెరుస్తోంది. రోచా అక్కచెల్లెళ్ళ వేళ్ళు అప్పటికే జిగటగా ఉన్నాయి.

"తినండి, తినండి. మీరు లేకపోతే నేనెక్కడ?" ఒకటి తీసి నికనోర్ చేతిలో పెట్టాడు. "అన్నట్టు, ముందు ఆ కొండపిల్ల ఉంది. దానికోసం గొంతులు పాడుచేసుకోకండి. తర్వాత నేనున్నాగా, నాకోసం దాచుకోండి. వనీనాతో చెప్పాను, సరేనంది."

నికనోర్ నములుతూ తలూపాడు. ఎలిదా పళ్ళెంలోకి చెయ్యి పెట్టలేదు.

"దాచుకోవడమంటే?"

"అంటే ఏముందే, కొంచెం చల్లగా ఉండనీ."

ఎలిదా ఆయన మోచెయ్యి పట్టుకుని తెర అవతలికి తీసుకెళ్ళింది. ఎప్పుడూ ఆయన్ని అలా తాకి ఎరగదు. "దోన్ హెనారో, గురువారం మీకేమైందో అప్పుడే మరిచిపోయారా?"

"మరిచిపోలేదు కాబట్టే అడుగుతున్నాను." దగ్గర్నుంచి చూస్తే ఆయన జుట్టు మొదళ్ళలో తెలుపు కనపడుతోంది. "నిన్న నా జోకులు రెండు అంతంతమాత్రం. గాస్పర్ మొహం చూశాను. సెనేటర్ జోకు ఎన్నాళ్ళు తినను? ఆ పిల్ల బాగా చేస్తుంది, రిహార్సల్లో విన్నాను. చాలా బాగా చేస్తుంది. దాని తర్వాత నేను లేస్తే ఏమవుతుందో నీకు తెలియదా?"

"ఆ పిల్ల తల్లి ఈ రాత్రికి ఊరందర్నీ టీవీ ముందు కూర్చోబెడుతోంది."

"దానికి బోలెడు వయసుంది. ఈవేళ కాకపోతే రేపు. నాకు రేపెక్కడిది?" ఆయన ఆమె చేతిని మెల్లగా విడిపించుకున్నాడు. "ఆ చీకటి నువ్వు చూడలేదే. నువ్వు చీకట్లోనే కూర్చుంటావు గాని, అది చూడలేదు. నేనింక దాన్లోకి పోను."

లోపల ఎర్రలైటు వెలిగింది. ఎలిదా వెళ్ళి కూర్చుంది.

అబ్రిల్ మైకు పట్టుకుని వెలుగులోకి వచ్చింది. బూట్లు చప్పుడు చేశాయి. మొదటి జోకు ఆ చప్పుడు మీదే. చక్కగా చెప్పింది. నికనోర్ పిడికిలి మోకాలి మీద ఉంది. బెంచీల మీద జనం అటూ ఇటూ చూసుకున్నారు. అబ్రిల్ కళ్ళు ఒకసారి పైకి, లైట్ల వైపు ఎగిరాయి. సోఫాలో దోన్ హెనారో కాలుమీద కాలు వేసుకుని, ప్రోత్సహిస్తున్నట్టు చిరునవ్వు నవ్వుతున్నాడు.

"బ్యూనస్ ఎయిర్స్ వచ్చాను" అంది అబ్రిల్. "దిగిన దగ్గర్నుంచీ అందరూ ఒకటే అడుగుతున్నారు. 'ఏ దేశం పిల్లా నీది?' 'అర్జెంటీనా.' 'అది కాదమ్మా, అంతకుముందు?'" ఆగింది. "'అంతకుముందు మా అమ్మ కడుపులో ఉన్నానండీ.'"

నిశ్శబ్దం మొదలవుతోంది. అది ఎలా మొదలవుతుందో ఎలిదాకి తెలుసు. ముందు బెంచీలు కదలడం ఆగుతుంది, తర్వాత దగ్గులు. ఆ దగ్గు రాకముందే ఆమె నోరు తెరిచింది.

ఎక్కిలి. గదంతా వినపడింది. నికనోర్ గిరుక్కున తిరిగాడు. ఒక మెట్టు. అతని పిడికిలి ఆమె మొహం ముందు ఊగింది. ఇంకో మెట్టు. అది ఎలిదా పనితనమే, ఏ సెనేటర్‌కీ ఇవ్వనంత పనితనం. గొంతు చించుకుని, ఊపిరి కూడదీసుకుని, మళ్ళీ మొదట్నుంచి ఎత్తుకుంది. బెంచీల మీద ఒక ఆడమనిషి కిసుక్కుమంది. వెనక ఎవరో, "అమ్మ కడుపులో!" అని తమలో తాము మళ్ళీ అనుకుని ఫక్కుమన్నారు. ఆపైన ఇక ఎవరి చేతుల్లోనూ లేకపోయింది. ఎలిదా ఆపేసినా అది ఆగలేదు. పక్కన పీపాలో రాళ్ళు దొర్లుతున్న చప్పుడు విని చూస్తే, నికనోర్ పిడికిలి బిగించే ఉంది గాని పొట్ట అదిరిపోతోంది.

అబ్రిల్ మొహంలోకి రక్తం వచ్చింది. భుజాలు దిగాయి. మూడో జోకు పరుగెత్తుకుంటూ వచ్చింది, నాలుగోది దానిమీదెక్కి వచ్చింది. గాస్పర్ చెప్పు తీసి నేలకేసి కొట్టాడు. దోన్ హెనారో చప్పట్లు కొట్టాడు, అందరికంటే ఎక్కువసేపు కొట్టాడు. కొడుతూ చీకటి మూలవైపు చూశాడు. పేరుపెట్టి పిలవలేదు.

ఆయన వంతు వచ్చినప్పుడు ఎలిదా ఆయనకీ నవ్వింది. వేళకి ఎక్కిలి, మెట్టు, మెట్టు. లోటు చెయ్యలేదు. ఆయన బానే చేశాడు.

లైట్లు ఆరాక నికనోర్ ఆమె వైపు చూడకుండా చెవిలోని వైరు తీసి చుట్టుకున్నాడు. "వనీనా పైకి రమ్మంటోంది" అన్నాడు. దాన్ని జేబులో పెట్టుకుంటూ, "ముసలాయన ముందే వెళ్ళాడు పైకి" అన్నాడు.

"వెళ్ళనీ."

ఎలిదా ఫ్లాస్కు మూత బిగించి, కోటు తొడుక్కుని, గుండీలన్నీ పెట్టుకుంది. ఎప్పుడూ సగం గుండీలే పెట్టుకుంటుంది. రోచా పెద్దావిడ అల్లిక సంచీలోంచి కాగితంలో చుట్టిన ఒక మెదియాలూనా తీసి, ఆమె జేబులో పెట్టింది.

మెట్ల దగ్గర అబ్రిల్ ఫోనులో ఎవరితోనో ఏడుస్తూ నవ్వుతూ మాట్లాడుతోంది. ఎలిదాని చూసి ఫోను పెట్టేసి, పరుగున వచ్చి రెండు చేతులూ పట్టుకుంది. చేతులు మంచుముక్కల్లా ఉన్నాయి.

"విన్నారా అమ్మా? నవ్వారు! మొదటిదానికి చచ్చిపోయాననుకున్నాను. తర్వాత నవ్వారు!"

"విన్నానమ్మా."

"కాని..." ఆ పిల్ల మొహం మీద ఒక నీడ వచ్చింది. గొంతు తగ్గించింది. "ఇక్కడ డబ్బులిచ్చి నవ్వించే మనుషులుంటారట కదా? ఆ పెద్దాయన కూడా అన్నాడట మొన్న. ఫోన్లో చెప్తే మా అన్న ఇప్పుడే అడిగాడు, 'అదంతా వాళ్ళేనేమో' అని. నిజం చెప్పండి. వాళ్ళేనా?"

పైనుంచి వనీనా గొంతు వినపడింది, "దోన్యా ఎలిదా వచ్చారా?" అని. ఎలిదా ఆ చల్లటి చేతుల్ని తన చేతుల్లో రెండుసార్లు రుద్దింది.

"వాళ్ళు ఈవేళ పనిలోకి రాలేదమ్మా" అంది, మెట్లు ఎక్కడం మొదలుపెట్టింది.